మా పాపకి నాయనమ్మ పేరు పెట్టాలనుకుంటున్నాం: 'మస్తానమ్మ' అర్థం గురించి తెలిసినవాళ్ళు చెప్పండి

మాది నెల్లూరు జిల్లా, హిందూ కుటుంబం. మా నాయనమ్మ పేరు మస్తానమ్మ. కసుమూరు మస్తాన్ వలీ దర్గాలో మొక్కుకున్నాక పుట్టిందని ఆ పేరు పెట్టారట. మా వైపు మస్తాన్ రావులు, మస్తానయ్యలు, దస్తగిరులు బోలెడంత మంది. దస్తగిరి సంగతి నాకు తెలుసు: ఫారసీలో 'దస్త్' అంటే చెయ్యి, 'గీర్' అంటే పట్టుకునేవాడు. 1166లో బాగ్దాద్‌లో కన్నుమూసిన సూఫీ గురువు అబ్దుల్ ఖాదర్ జీలానీ గారి బిరుదు అది. ఎంత చక్కటి పేరో!

మస్తాన్ దగ్గరే చిక్కొచ్చింది. ఫారసీలో 'మస్త్' అంటే మత్తులో ఉన్నవాడు కాబట్టి ఆడపిల్లకి వద్దని మా బావగారు గట్టిగా అంటున్నారు. సూఫీల మాటల్లో అది దైవప్రేమలో ఒళ్ళు మరిచిన స్థితి అని నేను చెప్పినా వినట్లేదు. బారసాల దగ్గర పడుతోంది, టెన్షన్‌గా ఉంది.

ఉర్దూ ఇంట్లో మాట్లాడేవాళ్ళు, ఫారసీ చదువుకున్నవాళ్ళు చెప్పండి. ఇవాళ ఈ పేరు వింటే మీకు ముందు ఏం తోస్తుంది, దర్గానా, తాగుడా? ఇరాన్‌లో ఆడపిల్లలకి 'మస్తానే' అని పెడతారు కదా, అక్కడ దాన్ని ముద్దుగానే పిలుస్తారా? మస్తానీ అందామంటే అందరికీ బాజీరావు భార్యే గుర్తొస్తుంది, నాకేమో నాయనమ్మ గుర్తు రావాలి. ఆ మాట చెడకుండా, బడిలో పిలవడానికి వీలుగా చిన్న రూపం ఏదైనా ఉందా? మీ ఇళ్ళలో ఇలాంటి పేరు పిల్లలకి పెట్టుకున్నవాళ్ళుంటే, ఎలా పెట్టుకున్నారో తప్పకుండా రాయండి.