ఫోన్ బిల్లు తగాదా: ఆర్బిట్రేషనా, వినియోగదారుల కమిషనా?

తీగలదారి:
పోస్ట్‌పెయిడ్ బిల్లు ఉన్నట్టుండి పదింతలు వచ్చింది, కంపెనీ పైసా తగ్గించనంటోంది అనుకుందాం. దరఖాస్తులోని షరతుల్లో ఆర్బిట్రేషన్ క్లాజు ఉంది, అంటే తగాదా వస్తే కోర్టుకు కాక మధ్యవర్తి దగ్గర తేల్చుకోవాలన్న షరతు. అప్పుడు ఎక్కడికి పోవాలి? నా ఓటు ఆర్బిట్రేషన్‌కే. విషయం తెలిసినవాళ్లు వింటారు, తీర్పు త్వరగా వస్తుంది. కాదనేవాళ్లు కారణం చెప్పండి.

వకాల్తా:
నేను కాదంటాను. 1885 టెలిగ్రాఫ్ చట్టంలో 7బి సెక్షన్ ప్రకారం టెలిఫోన్ తగాదాలు మధ్యవర్తికి పోవాలి, ఆ మధ్యవర్తిని కేంద్ర ప్రభుత్వం వేస్తుంది. టెలిఫోన్లు ప్రభుత్వ శాఖ చేతిలోనే ఉన్న రోజుల్లో బిల్లు వేసేదీ సర్కారే, మధ్యవర్తిని వేసేదీ సర్కారే. పైగా ఆ తీర్పును ఏ కోర్టులోనూ ప్రశ్నించకూడదు. హైకోర్టులో రిట్ (రాజ్యాంగం కింద వేసే పిటిషన్) ఒక్కటే మిగిలేది. కారణాలు రాయకుండా తీర్పు ఇవ్వకూడదని సుప్రీంకోర్టు ఎం.ఎల్. జగ్గీ కేసులో చెప్పాల్సి వచ్చింది, అది 1996లో.

2009లో ఎం. కృష్ణన్ కేసులో అదే కోర్టు 7బి ఉంది కాబట్టి వినియోగదారుల ఫోరానికి (ఇప్పటి కమిషన్‌కు) పోకూడదంది. ఆ ఒక్క తీర్పు చూపించి ఏళ్ల తరబడి ఫిర్యాదులు కొట్టేశారు. 2022 ఫిబ్రవరి 16న వొడాఫోన్ ఐడియా కేసులో ఆ అడ్డు తొలగింది. నెలకు సగటున 555 రూపాయలు కట్టే ఖాతాదారుకు ఒక నెల 24,609 రూపాయల 51 పైసల బిల్లు పడిన కేసు అది. 7బి ఉన్నంత మాత్రాన ఫోరం తలుపు మూసుకుపోదని, ఏ దారి పట్టాలన్నది వినియోగదారు ఇష్టమని తేల్చారు. 2019 వినియోగదారుల చట్టం ‘సేవ’ నిర్వచనంలోనే టెలికాంను పేరుపెట్టి చేర్చింది.

తీగలదారి:
7బి సంగతి ఒప్పుకుంటా. కానీ మామూలు ఆర్బిట్రేషన్ చట్టంలో 29బి సెక్షన్ ఉంది: ఇరువర్గాలూ ఒప్పుకుంటే కాగితాల మీదే విచారణ, ఆరు నెలల్లో తీర్పు. కమిషన్‌లో మూడు నెలలని చట్టం అంటుంది గానీ ఆ గడువు నిలబడటం అరుదు.

వకాల్తా:
ఫీజు కూడా చెప్పండి మరి. ఆ చట్టం నాలుగో షెడ్యూల్‌లో 5 లక్షల లోపు తగాదాకు నమూనా ఫీజు 45,000. మధ్యవర్తి ఒక్కరే అయితే మరో 25 శాతం. ఇరవై వేల బిల్లుకు యాభై ఆరు వేలు పెడతారా? జిల్లా కమిషన్‌లో, సేవకు మీరు చెల్లించిన సొమ్ము 5 లక్షల లోపైతే ఫీజే లేదు. మీరు ఉండే జిల్లాలోనే వేసుకోవచ్చు. జిల్లా కమిషన్ ఉత్తర్వు మీద కంపెనీ అప్పీలుకు వెళ్లాలంటే కట్టమన్న సొమ్ములో సగం ముందు జమచేయాలి. క్లాజులో మధ్యవర్తిని కంపెనీయే నియమిస్తుందని రాసుంటే అదీ నిలవదు. ఫలితంలో ఆసక్తి ఉన్నవాళ్లు ఏకపక్షంగా నియమించకూడదని 2019లోనే పర్కిన్స్ ఈస్ట్‌మన్ కేసులో చెప్పేశారు.

ఆఫీసులైన్లు:
ఇద్దరూ ఇళ్ల కనెక్షన్ల గురించే మాట్లాడుతున్నారు. వ్యాపారం కోసం తీసుకున్న వందల లైన్ల సంగతి వేరు. వాణిజ్య అవసరానికి సేవ కొన్నవాళ్లు వినియోగదారుల చట్టంలో ‘వినియోగదారు’ కిందికే రారు, స్వయం ఉపాధికైతే తప్ప. లక్షల బిల్లు తగాదాలో వాళ్లకు సివిల్ కోర్టు కంటే ఆర్బిట్రేషనే నయం. అందుకే సంతకం పెట్టేముందే క్లాజు చదవాలి: విచారణ ఏ ఊళ్లో, మధ్యవర్తిని ఎవరు ఎంచుతారు, తీర్పు వచ్చేదాకా లైన్లు కొయ్యకూడదని ఉందా లేదా.

మీటరుపల్స్:
ఎక్కడికి పోయినా గెలిపించేది కాగితమే. ముందు ఐటమైజ్డ్ బిల్లు (ప్రతి వాడకం విడివిడిగా చూపేది) అడగండి. అందులో డేటా వరుసలు పట్టుకోండి: సెషన్ మొదలైన సమయం, వాడిన కేబీలు, వేసిన రేటు. ఎక్కువగా తప్పు దొర్లేది రెండు చోట్ల. బిల్లు సైకిల్ ఎనిమిదో తేదీన మొదలై ప్యాక్ పన్నెండున యాక్టివేట్ అయితే, మధ్య నాలుగు రోజుల డేటా ప్యాక్ లేని రేటుకు పడుతుంది. రెండోది రోమింగ్. సరిహద్దు దగ్గర ఫోను పక్కదేశం టవర్‌ను పట్టుకుంటే, మీరు ముట్టుకోకపోయినా యాప్‌లు డేటా లాగేస్తాయి. వరుసలో ఆపరేటర్ పేరు మారిందేమో చూడండి.

కంపెనీకి ఫిర్యాదు చేయగానే డాకెట్ నంబరు (ఆ ఫిర్యాదుకు ఇచ్చే నంబరు) తీసుకోండి. అది లేకపోతే పై మెట్టు లేదు. పరిష్కారం నచ్చకపోతే 30 రోజుల్లో కంపెనీ అప్పీలు అథారిటీకి, ఉచితంగా. టెలికాం నియంత్రణ సంస్థ ట్రాయ్ నిబంధనల ప్రకారం 39 రోజుల్లో తేల్చాలి. ట్రాయ్‌కే రాస్తే కంపెనీకి పంపడం తప్ప వ్యక్తిగత ఫిర్యాదుల మీద తీర్పు చెప్పదు.

తగాదా లేని మొత్తం గడువులోపు కట్టేయండి. ‘మిగతాది వివాదంలో ఉంది’ అని ఈమెయిల్ పెట్టండి, లేకపోతే మొత్తం ఎగ్గొట్టారని లైను కోస్తారు. కమిషన్‌లో వేస్తే వినియోగదారుల చట్టం 38(8) సెక్షన్ కింద కనెక్షన్ తీయకుండా మధ్యంతర ఉత్తర్వు అడగండి. కమిషన్‌లో ఫిర్యాదుకు రెండేళ్ల గడువు ఉంది కదా అని ఆగకండి: కాల్ రికార్డులు కంపెనీలు ఉంచాల్సిందీ కనీసం రెండేళ్లే. రెండో ఏడు చివర్లో వేస్తే, రికార్డు తెప్పించమని కమిషన్‌ను అడిగేసరికి అది చెరిపేసి ఉండొచ్చు.

తీగలదారి:
ఇంటి కనెక్షన్ వరకు నా మాట వెనక్కి తీసుకుంటున్నా. 2023 టెలికమ్యూనికేషన్స్ చట్టం 30వ సెక్షన్‌లో ఆన్‌లైన్ పరిష్కార విధానం అన్నారు. దానివల్ల కమిషన్ దారి మళ్లీ మూసుకుపోదా?

వకాల్తా:
మూసుకుపోదు. వినియోగదారుల చట్టం కింద ఉన్న హక్కుకు భంగం లేదని ఆ సెక్షన్‌లోనే రాశారు.