సమస్య (ఈ పాదంతో ముగిసేలా పద్యం పూరించాలి): "ఆడకుండ నతఁడె యాటఁ జూపె"

నిర్వాహకుడు: సత్యజిత్ రాయ్ 1976లో తీసిన 'బాల' మళ్లీ చూశాను. భరతనాట్య కళాకారిణి బాలసరస్వతి మీద అరగంట పైచిలుకు డాక్యుమెంటరీ. అందులో నర్తకుడు ఉదయశంకర్ ఏ వేషమూ లేకుండా తనలాగే కనిపించి ఆమె గురించి మాట్లాడతారు. ఈ పాదం అక్కడే తట్టింది. కానివ్వండి.

గోదారిగట్టు:

బాల చిత్రమందుఁ బలికె నుదయశంక
రుండు గజ్జె లందె రొదలు లేక
మాట వెంట బాల మనసార నాడంగ
ఆడకుండ నతఁడె యాటఁ జూపె

1923లో రష్యన్ బ్యాలే నర్తకి పావ్లోవాతో లండన్‌లో ఆడిన మనిషి, తన పద్ధతి తానే కట్టుకున్నవాడు. అలాంటాయన ఇంకొకరి కళ గురించి చెప్పడానికి కెమెరా ముందుకు రావడమే నాకు పెద్ద సంగతి. మరుసటి ఏడాదే పోయారు.

మువ్వలయ్య: ఎత్తుగడ బాగుంది, గట్టుగారూ. కానీ 'ఆడంగ' ద్రుతాంతం, అంటే చివర నకారం దాగిన మాట. కింద అచ్చుంది కాబట్టి 'నాడకుండ' అయి తీరాలి. ఇచ్చిన పాదం మొదటి అక్షరమే మారిపోతోంది. ఇదివరకు ఉదయశంకర్ సినిమా 'కల్పన' మీద మీరు రాసిన పద్యంలోనూ ఇదే ద్రుతం.

గోదారిగట్టు: పాదం చివర ఆగి చదువుకుంటాం కదండీ. 'కల్పన' సంగతి మళ్లీ ఎందుకు? అప్పుడు మీరు పట్టింది ద్రుతం కాదు, ప్రాసయతి (యతికి బదులు ప్రాస కుదర్చడం). అదీ నిలబడలేదు. పైగా 1948లో ఉదయశంకర్ తన సినిమాలో తనే ఆడాడని రాస్తే, డాక్యుమెంటరీ కాదు గదా అని పేచీ పెట్టారు. ఈసారి డాక్యుమెంటరీయే. మీ పూరణ చూపించండి.

మువ్వలయ్య:

కడలి యొడ్డు గాలిఁ గదలెడు చీరతో
బాల పిలువఁ గృష్ణుఁ, బట్టి తెరకు
సత్యజిత్తు తాను సాక్షియై నిలిచెనే!
ఆడకుండ నతఁడె యాటఁ జూపె

1935లో కలకత్తాలో పద్నాలుగేళ్ల కుర్రాడిగా ఆమె ఆట చూశాడు రాయ్. నలభై ఏళ్లు దాటాక తెరకెక్కించాడు.

వీణపిల్ల: బాబాయిగారూ, 'గృష్ణుఁ బట్టి తెరకు' దగ్గర ఆగిపోయాను. కృష్ణుణ్ణి త్వరగా రమ్మని పిలిచే కన్నడ పాట 'కృష్ణా నీ బేగనే బారో'కి బాల సముద్రం ముందు అభినయిస్తుంటే గాలి చీరను లాగేస్తుంటుంది, ఆ చేతులు పిల్లాణ్ణి పిలుస్తూనే ఉంటాయి. కృష్ణుడు ఎక్కడా లేడు, అయినా కనిపిస్తాడు. దాన్ని ఒక్క పాదంలో పెట్టారు. కానీ రాయ్ కెమెరా వెనక మనిషి. 'ఆడకుండ' అంటే ఆడగలిగినవాడు ఆడకపోవడం. రాయ్‌కి ఆ మాట వర్తించదు.

గోదారిగట్టు: నేనూ అదే అనబోయాను, అమ్మాయి చెప్పేసింది.

మువ్వలయ్య: 'అతఁడె' అన్నారు, నర్తకుడు అనలేదు.

నిర్వాహకుడు: వీణపిల్ల మాటే నాదీ. ఆట తెలిసినవాడు ఆటను పక్కన పెట్టి సాటి కళాకారిణికి సాక్ష్యం చెబితేనే 'అతఁడె'లోని ఆ ఏకారానికి బలం. కాబట్టి గట్టుగారి పూరణే. మూడో పాదం చివర 'నాడెఁగా!' అంటే వాక్యం తెగుతుంది, ద్రుతం బాధ ఉండదు. మువ్వలయ్యగారి రెండో పాదం మాత్రం ఈ నెల మొత్తానికీ మంచి పాదం.

వీణపిల్ల: ఒక్క వెలితి. బాల వీణ ధనమ్మాళ్ మనవరాలు. ఆ ఇంట క్షేత్రయ్య పదాలు తరాలుగా పాడారు. తెలుగులో ఇన్ని పద్యాలు రాస్తూ ఆ పదాల్లోని మువ్వగోపాలుణ్ణి ఎవరూ పిలవలేదేం? రేపు నేను పిలుస్తాను, యతి చూసిపెట్టండి బాబాయిగారూ.