టెక్సాస్ ట్రక్కులో 53 ప్రాణాలు: తప్పు స్మగ్లర్లది మాత్రమేనా?

చిరుగాలి:
2022 జూన్ 27న శాన్ ఆంటోనియోలో ఒక ట్రక్కు ట్రైలర్ దొరికింది. అందులో కుక్కిన వలసదారుల్లో 53 మంది వేడికి చనిపోయారు, పిల్లలు కూడా. ముఠా నాయకుడికి 2025లో యావజ్జీవం పడింది. లెక్క సరిపోయినట్టేనా? సరిహద్దు విధానానికీ ఇందులో వాటా ఉందంటాను.

నిక్కచ్చి:
లేదు. ఏసీ సరిగ్గా లేదని ముఠాలో కొందరికి ముందే తెలుసని ప్రాసిక్యూషన్ కోర్టులో చెప్పింది. తెలిసీ తలుపు మూశారు. ఆ నేరంలో కొంత చట్టం నెత్తిన వేస్తే మనమే వాళ్ల తరఫున వకాల్తా పుచ్చుకున్నట్టు.

చిరుగాలి:
శిక్ష తగ్గించమనడం లేదండి. ఒక్క సంగతి చూడండి. ఆ ట్రక్కు వాళ్లని సరిహద్దు దాటించలేదు. వాళ్లు అప్పటికే అమెరికాలో ఉన్నారు, సరిహద్దు ఊరు లారెడో వైపు ఎక్కించారు. అక్కడి నుంచి శాన్ ఆంటోనియో మూడు గంటల దారి. బస్సెక్కితే పోయేదానికి ఆ ఇనప్పెట్టె ఎందుకు? హైవే మీద సరిహద్దు గస్తీవాళ్లు కాగితాలు అడిగే చెక్‌పోస్టు ఉంది కాబట్టి. నాకు నిద్ర పట్టనివ్వనిది ఇదే.

సరిహద్దు ఊళ్ల దగ్గర కాపలా పెంచితే జనం మరింత కఠినమైన దారులకు మళ్లుతారని అమెరికా సరిహద్దు గస్తీవాళ్లు 1994 నాటి ప్రణాళికలోనే రాసుకున్నారు. దాంతో రావడం మానేస్తారనుకున్నారు. మానలేదు, అరిజోనా ఎడారిలో నడిచారు. అక్కడ దాటించేవాళ్లని కొయోటేలు అంటారు. దారి కష్టమయ్యేకొద్దీ వాళ్ల రేటు పెరిగింది. ఇల్లు తాకట్టు పెట్టి వచ్చినవాడిని పట్టుకుని వెనక్కి పంపినా అప్పు అలాగే ఉంటుంది. మళ్లీ బయల్దేరక ఏం చేస్తాడు?

తూకంరాయి:
గేట్లు తెరిస్తే ముఠాలు మాయమవుతాయన్న నమ్మకం నాకూ లేదు. కానీ నిక్కచ్చి గారూ, 2003లో టెక్సాస్‌లోనే, విక్టోరియా దగ్గర, ఇలాంటి ట్రైలర్‌లోనే 19 మంది పోయారు. ఆ డ్రైవర్‌కీ ఏళ్ల తరబడి జైలు శిక్ష పడింది. శిక్ష భయం ఒక్కటే చాలితే 19 ఏళ్ల తర్వాత 53 మంది ఎలా పోతారు?

నిక్కచ్చి:
దానికి నా దగ్గర జవాబు లేదు. అయినా చెక్‌పోస్టు తీసేయమంటే ఒప్పుకోను. ఒకటి మాత్రం ఒప్పుకుంటా. ఊపిరాడక సాయం అడిగినవాడి దగ్గరికి ముందు అంబులెన్స్ రావాలి, కాగితాల సంగతి తర్వాత చూడాలి. ఆ సంగతి ట్రైలర్ ఎక్కకముందే వాళ్లకి తెలిసి ఉండాలి.