మేనత్త కథల క్యాసెట్లు: యూట్యూబ్‌లో పెట్టేస్తే సరిపోతుందా?

ప్రశ్న

మా మేనత్త చెప్పిన కథలు, పాటలు, మా వాళ్లు ఊరు మారిన సంగతులు నాన్న ఎప్పుడో క్యాసెట్లలో రికార్డు చేశారు. కొన్నిటి మీద ‘అక్కయ్య’ అని మాత్రమే ఉంది, తేదీ లేదు. అత్తయ్య చేతిరాత నోటుబుక్కు కూడా ఒకటుంది. తమ్ముడేమో “అన్నీ యూట్యూబ్‌లో ఎక్కించేద్దాం, ఇక ఎక్కడికీ పోవు” అంటున్నాడు. అత్తయ్య ఉన్నారు. వినికిడి తగ్గింది గానీ మాట స్పష్టమే. ఎక్కడ మొదలుపెట్టమంటారు?

జవాబు

నేను లైబ్రరీలో పాత టేపులు డిజిటల్‌లోకి మార్చే పని చేశాను. యూట్యూబ్ వద్దనను. అది నలుగురికీ వినిపించే చోటు, దాచుకునే చోటు కాదు. జియోసిటీస్ అనే వెబ్‌సైట్‌లో ఎందరో సొంత పేజీలు పెట్టుకున్నారు. 2009లో యాహూ దాన్ని మూసేస్తే, ఔత్సాహికులు హడావిడిగా కాపీ చేసుకున్నవే మిగిలాయి. మైస్పేస్ అనే సోషల్ మీడియా సైటులో 2016కు ముందు ఎక్కించిన పాటలు సర్వర్లు మార్చడంలో పోయాయని 2019లో బయటపడింది.

ముందు క్యాసెట్ పై అంచున ఉండే రెండు చిన్న ప్లాస్టిక్ ముక్కలు విరిచేయండి. పొరపాటున రికార్డు బటన్ నొక్కినా చెరిగిపోదు. టేప్ ప్లేయర్‌లో టేపును తాకి చదివే భాగాన్ని (హెడ్) శుభ్రం చేశాకే వేయండి. టేపు అతుక్కుపోయినట్టుంటే బలవంతంగా తిప్పొద్దు, తెలిసినవాళ్లకివ్వండి. కంప్యూటర్‌లోకి ఎక్కించేటప్పుడు ధ్వనిని కుదించని వావ్ ఫైలుగా, 48 కిలోహెర్ట్జ్, 24 బిట్ నాణ్యతలో. స్టీరియో అయితే గంటకు సుమారు 1 జీబీ. ఎంపీ త్రీ ఫోన్లో పంపుకోవడానికి తర్వాత చేసుకోవచ్చు. నోటుబుక్కు అట్టతో సహా, ఖాళీ పేజీలతో సహా ఫొటో తీయండి. చిరిగినచోట సెల్లోటేపు మాత్రం వేయకండి, కొన్నాళ్లకు దాని జిగురే కాగితాన్ని తినేస్తుంది.

అసలు పని ఆ తర్వాత ఉంది. మాట్లాడేదెవరు, అడిగేదెవరు, ఎప్పుడు, వెనకాల నవ్వుతున్నదెవరు? ఇవి రాసిపెట్టకపోతే మీ పిల్లలకది ఎవరో ముసలావిడ గొంతు, అంతే. ధ్వని ఎంత బాగున్నా పేరు లేని టేపుల్ని నేను చాలానే చూశాను, వాటితో ఎవరూ ఏమీ చేయలేరు. అత్తయ్య ఉన్నారు కాబట్టి మీ అదృష్టం. హెడ్‌ఫోన్స్ పెట్టి ఆమెకే వినిపించండి, వింటూ ఆవిడ అనే మాటల్ని కూడా రికార్డు చేయండి. “అలా కాదురా” అని సరిదిద్దితే రెండూ ఉంచండి.

మూడు కాపీలు, రెండు రకాల సాధనాల మీద, ఒకటి వేరే ఊళ్లో. ఏది ముఖ్యం, ఏది కాదు అని ఇప్పుడే ఏరకండి. రెండో ప్రపంచ యుద్ధంలో నాజీలు యూదుల్ని నిర్బంధించిన పోలండ్‌లోని వార్సా ఘెట్టోలో చరిత్రకారుడు ఇమాన్యుయేల్ రింగెల్‌బ్లూమ్ బృందం డైరీలతో పాటు ట్రామ్ టికెట్లు, మిఠాయి కాగితాలు కూడా పోగుచేసింది. వాటిని విడతలుగా రేకుపెట్టెల్లో, పాలక్యాన్లలో పాతిపెట్టారు. ఒక భాగం 1946లో, మరొకటి 1950లో దొరికాయి. మూడోది ఇప్పటికీ దొరకలేదు. అన్నీ ఒకే గుంటలో పెట్టి ఉంటే ఏమయ్యేదో!

మరొక జవాబు

పైన చెప్పిందంతా నిజమే గానీ, హార్డ్ డిస్కులో పడున్న కథను ఎవరు వింటారండీ? పిల్లలచేత ఒక్కో కథ చెప్పించండి. మాటలు మారితే మారనివ్వండి. కథ నోట్లో నానితేనే కథ.

ప్రశ్న అడిగినవారు

ఇద్దరికీ కృతజ్ఞతలు. ఒక టేపులో మా బంధువుల ఆస్తి గొడవ పేర్లతో సహా ఉంది. ఆ ముక్క కత్తిరించేయమంటారా?

మొదటి జవాబిచ్చినవారు

అసలు ఫైలును ముట్టుకోకండి. కాపీలో కత్తిరించి, బయటకు ఇచ్చేది అదే ఇవ్వండి. ఫలానా సంవత్సరం దాకా తెరవకూడదని షరతు పెట్టి దాచడం ఆర్కైవులు (పాత రికార్డులు భద్రపరిచే సంస్థలు) మామూలుగా చేసే పనే, మీరూ చేయొచ్చు. ఏది బయట పెట్టొచ్చో అత్తయ్యనే అడగండి. ఆమె జవాబును కూడా రికార్డు చేసి, తేదీ చెప్పించి, అదే ఫోల్డర్‌లో ఉంచండి. ఆవిడ వద్దంటే మీ తమ్ముణ్ణి ఆగమనండి.

(పిల్లలచేత చెప్పించమన్న సలహా నాకూ నచ్చింది. కాకపోతే వాళ్లు చెప్పేటప్పుడు కూడా ఎవరో ఒకరు రికార్డర్ ఆన్ చేయండి బాబూ.)