కందాకే: పేరా, పదవా?

అపొస్తలుల కార్యములు 8:27లో ‘ఐతియొపీయుల రాణియైన కందాకే’ అన్నచోట కందాకే ఆ రాణి పేరేనా అని ఒకరు అడిగారు. తెలుగు వాక్యం చదివితే పేరనే తోస్తుంది గాని, అది బిరుదు. అక్కడి ఐతియొపీయ కూడా నేటి ఇథియోపియా కాదు. నేటి సూడాన్‌లో, నైలు ఒడ్డున, మెరోయె రాజధానిగా వెలసిన కుష్ రాజ్యం.

క్రీ.పూ. 25 ప్రాంతంలో రోమన్లతో తలపడ్డ కుష్ రాణిని గ్రీకు భూగోళ రచయిత స్ట్రాబో కందాకే అన్నాడు. కొన్ని దశాబ్దాల తరువాత అపొస్తలుల కార్యములలోని రాణికీ అదే మాట వాడారు. ఈ పేరు చాలా ఏళ్లుగా రాణి నుంచి రాణికి సంక్రమిస్తోందని రోమన్ రచయిత ప్లినీ రాశాడు. కుష్ ప్రజల సొంత శాసనాలను చదవగలిగాకే విషయం తేటపడింది. సూడాన్‌లోని వాద్ బన్ నాగాలో కుష్ రాజు నటకమని, రాణి అమనితోరె పేర్లు ఈజిప్టు లిపిలోను, కుష్ ప్రజల మెరోయె లిపిలోను దొరకడం బ్రిటిష్ పండితుడు గ్రిఫిత్‌కు ఆధారమై, 1911 నాటికి మెరోయె అక్షరాల ఉచ్చారణ తెలిసింది. భాష మాత్రం ఇప్పటికీ చాలావరకు అర్థం కాలేదు.

ఆ లిపి పద్ధతి మనకు పరిచితమే. హల్లు రాస్తే అందులో అకారం ఉన్నట్టే. వేరే అచ్చు కావాలంటే దాని గుర్తును పక్కన చేర్చాలి. ఈ పదాన్ని క, ద, క, ఎ అని నాలుగు గుర్తులతో రాశారు. చివరి ‘క’లోని అకారం పోయి ‘కదకె’ అవుతుంది. హల్లుకు ముందున్న అనునాసికాన్ని, అంటే ‘న్’ వంటి ముక్కు ధ్వనిని, వాళ్లు రాయరు. మనం ‘పడు’ అని రాసి ‘పండు’ అని చదువుకోవడం లాంటిదన్నమాట. గ్రీకులు చెవికి వినిపించినట్టు రాసుకున్నందువల్లనే ఆ నకారం మనదాకా వచ్చింది.

అర్థం దగ్గర ఇంకొంత జాగ్రత్త అవసరం. పాలకులకు ‘కొరె’ అనే వేరే బిరుదు ఉండేది; మగ రాజులకూ అదే. రోమన్లతో పోరాడిన అమనిరెనస్‌కు కొరె, కందాకే రెండూ ఉన్నాయి. కనుక కందాకే అంటేనే సింహాసనమెక్కిన స్త్రీ అనలేము, రాజకుటుంబంలో ఉన్నత స్థానంలోని స్త్రీ అనడం మేలు. మన రుద్రమదేవి శాసనాల్లో ‘రుద్రదేవ మహారాజు’గా కనిపించడం ఇక్కడ గుర్తుకొస్తుంది.

1910లో మెరోయె తవ్వకాల్లో ఒక గుడి మెట్ల కింద, రాకపోకల్లో కాలి కిందపడేలా పాతిపెట్టిన రోమన్ చక్రవర్తి అగస్టస్ విగ్రహపు కంచు తల బ్రిటిష్ పురావస్తు పరిశోధకుడు గార్‌స్టాంగ్‌కు దొరికింది. కుష్ రోమన్లను అంతగా ఎదిరించిందని తెలిసినా ఆ తరం పండితులు కుష్‌ను ఈజిప్టు నీడగానే చూశారు. కుష్ తొలి రాజధాని కెర్మాలోని మహాసమాధులు ఈజిప్టు అధికారులవేనని అమెరికా పురావస్తు పరిశోధకుడు రీస్నర్ పొరబడ్డాడు; అవి అక్కడి రాజులవే. కుష్ పాలకులను వారి సొంత పేర్లతో గుర్తించడం అవసరం. అందుకే తెలుగులో రాసేటప్పుడు ‘కందాకే అనే రాణి’ అనకుండా ‘కందాకే అమనిరెనస్’ అని బిరుదును, పేరును విడివిడిగా చూపాలని నా అభిప్రాయం.