కథలో కాలాన్ని కొలిచి సరిదిద్దే చేతి పరికరం: లోపల ఏం పెడితే నమ్మేలా ఉంటుంది?

అనంతగిరి_కథలు

అందరికీ నమస్కారం. హైస్కూలు పిల్లల కోసం ఒక పెద్ద కథ రాస్తున్నాను. బొర్రా గుహల్లో ఒక మూల కాలం నిలకడగా నడవదు. కాసేపు పరిగెడుతుంది, కాసేపు వెనకబడుతుంది. రమణి అనే అమ్మాయి దగ్గర గుప్పిట్లో పట్టే పరికరం ఒకటి ఉంటుంది, దాని పేరు ‘నిలకడ’. కాలం ఎంత చెదిరిందో ముల్లు చూపిస్తుంది, పక్కనున్న మీట నొక్కితే సర్దుకుంటుంది.

కల్పనే, కాదనను. కానీ మాయ అనేసి చేతులు దులుపుకోవడం నాకిష్టం లేదు. సైన్సు అంటే ప్రాణం పెట్టే పిల్ల చదివితే, ‘ఇది కుదిరేలా ఉందే’ అనుకోవాలి. అలాంటి పరికరం లోపల ఏముండాలి? అది దేన్ని కొలవాలి?

ఫిజిక్స్_బెంచీ

అక్కా, గుప్పిట్లో పట్టే అణు గడియారం, అంటే పరమాణువుల కంపనాలతో కాలం లెక్కపెట్టేది, నిజంగానే ఉంది! చిప్ స్కేల్ అటామిక్ క్లాక్ 2011 నుంచి మార్కెట్లో దొరుకుతోంది. బరువు 35 గ్రాములు, లోపల సీజియం అనే లోహపు ఆవిరి. 1967 నుంచి సెకను నిర్వచనం కూడా సీజియం మీదే ఆధారపడింది: 919,26,31,770 కంపనాలైతే ఒక సెకను.

చోటును బట్టి కాలం మారడమూ నిజమే. ఎత్తుకు వెళ్లేకొద్దీ గడియారం వేగంగా నడుస్తుంది. బొర్రా గుహలు సముద్రమట్టానికి సుమారు 700 మీటర్ల ఎత్తులో ఉన్నాయి. లెక్కేసి చూశాను, విశాఖ బీచ్‌లో ఉన్న గడియారం కంటే అక్కడిది రోజుకి దాదాపు 6.6 నానోసెకన్లు (నానోసెకను అంటే సెకనులో వంద కోట్లో వంతు) ముందుంటుంది. టోక్యో స్కైట్రీ టవర్లో 450 మీటర్ల తేడాతో రెండు గడియారాలు పెట్టి ఇలాంటి తేడానే కొలిచారు, 2020లో ఫలితాలు వచ్చాయి. కాబట్టి రమణి ముల్లు ధైర్యంగా కదలొచ్చు.

పాత_ఎక్స్ఛేంజీ

అమ్మా, నేను టెలిఫోన్ ఎక్స్ఛేంజీల్లో గడియారాల సింక్రనైజేషన్, అంటే అన్నీ ఒకే లెక్కన నడిచేలా చూసే పని, చేసి రిటైరైన వాణ్ణి. మీ ప్రశ్న చూసి చాలా సంతోషం వేసింది, అందుకే కొంచెం పొడుగ్గా రాస్తున్నాను.

ముందు బాబు చెప్పినదానికి చిన్న సవరణ. స్కైట్రీలో వాడినవి స్ట్రాన్షియం ఆప్టికల్ గడియారాలు, గుప్పిట్లో పట్టేవి కావు. ఆ 35 గ్రాములది రోజు మొత్తంలో దానంతట అదే మైక్రోసెకను (వెయ్యి నానోసెకన్లు) స్థాయిలో అటూ ఇటూ జరుగుతుంది. 6.6 నానోసెకన్లు దాని కంటికి ఆనవు. అయితే మీ గుహలో నిమిషానికి ఒక సెకను తేడా వస్తోందనుకోండి, అప్పుడు చేతి వాచీ కూడా చాలు. కాబట్టి చెదురు ఎంత పెద్దదో ముందు తేల్చుకోండి.

అసలు చిక్కు వేరే ఉంది. గుహలో కాలం నెమ్మదిస్తే రమణి చేతిలోని పరికరమూ నెమ్మదిస్తుంది. ఆమె గుండె, చూపు, ఆలోచన అన్నీ అదే లెక్కన నెమ్మదిస్తాయి. ముల్లు కదలదమ్మా. ఒంటరి గడియారానికి తన తేడా తనకు తెలిసే మార్గమే లేదు. మా లాబ్‌లో ఆసిలోస్కోపు (సంకేతాన్ని తెర మీద గీతగా చూపే పరికరం) మీద రెండు గడియారాల సంకేతాలు పెట్టేవాళ్ళం. ఒక ఆకుపచ్చ గీత కదలకుండా నిలబడుతుంది, రెండోది తెర మీద మెల్లగా పక్కకు జారుతుంది. జారేది చెడ్డదని కొత్తగా వచ్చిన కుర్రాళ్ళు అనేసేవారు. అలా చెప్పలేం, ఎందుకంటే నిలబడ్డ గీత మనం ఆధారంగా ఎంచుకున్నది, అంతే. తేడా ఉందని తెలియడానికి రెండు కావాలి, ఎవరిదో తేలడానికి మూడోది కావాలి.

కాబట్టి ‘నిలకడ’లు మూడు చేయండి. ఒకటి రమణి చేతిలో, రెండు గుహ బయట. గుహ లోపలికి ఉపగ్రహ సంకేతం అందదు, అందుకని మధ్యలో వైరు పరచండి. లోపల కాలం నెమ్మదిస్తే బయటి నుంచి వచ్చే టిక్కులు రమణికి దగ్గర దగ్గరగా వినిపిస్తాయి. బయట వాళ్ళకు ఆమె గొంతు సాగదీసినట్టు, బొంగురుగా వినిపిస్తుంది. ముల్లు కంటే పిల్లలకు ఇది బాగా పడుతుంది.

అనంతగిరి_కథలు

మాస్టారూ, గొంతు సాగడం చదువుతుంటే నాకే ఒళ్ళు జలదరించింది. మూడో పరికరం రమణి అమ్మమ్మకి ఇస్తాను. మరి మీట సంగతి? కాలాన్ని సరిదిద్దడం అనే మాటకి అసలు ఆధారం ఏమైనా ఉందా?

పాత_ఎక్స్ఛేంజీ

మేం సరిదిద్దేది గడియారాన్నమ్మా, కాలాన్ని కాదు. కాలాన్నే సరిదిద్దడం మీ కథలోని ఒకే ఒక్క కల్పనగా ఉంచండి, చుట్టూ మిగతాదంతా నిజమే పెట్టండి.

మా పద్ధతి చెబుతాను. మా గడియారాల్లో టిక్కులు పుట్టించే క్వార్ట్జ్ స్ఫటికం వేడి మారితే వేగం మార్చుకుంటుంది, అందుకని దాన్ని చిన్న ఓవెన్‌లో పెట్టి ఒకే వేడి దగ్గర ఉంచుతాం. నమ్మకమైన సంకేతంతో పోల్చి, వోల్టేజీ కొద్దికొద్దిగా మారుస్తూ దారిలోకి తెస్తాం. ఒక్కసారిగా గుంజకూడదు. డిజిటల్ లైన్లో సమాచారం ఫ్రేములనే చిన్న ముక్కలుగా వెళ్తుంది, ఒక ఫ్రేము 125 మైక్రోసెకన్లు. తేడా అంత పోగైతే ఒక ఫ్రేము ఎగిరిపోతుంది, లేదా అదే రెండుసార్లు వస్తుంది. ఫోన్లో అది ఒక చిన్న క్లిక్. ఫ్యాక్సులో మాత్రం కాగితం మీద కనిపించేది, అంకెల వరస మధ్యలో కోసేసినట్టు కొన్ని గీతలు మాయమయ్యేవి. బ్యాంకు వాళ్ళు ఆ కాగితాలు పట్టుకుని వచ్చేవారు.

రమణి మీటని టక్కున నొక్కితే అదే జరగాలి. ఒక క్షణం గల్లంతు అవ్వాలి, లేదా అదే క్షణం మళ్ళీ రావాలి. మెల్లగా తిప్పితేనే అతుకు కనపడకుండా సర్దుకోవాలి. అందుకని మీట తీసేసి తిరిగే చక్రం పెట్టండి.

కథల_పెట్టె

పాఠకురాలిగా ఒక మాట. సీజియం, ఓవెన్ అన్నీ మొదటి అధ్యాయంలోనే గుమ్మరిస్తే పిల్లలు పుస్తకం మూసేస్తారు. ముల్లు ఉంచండి, టిక్కులు ఉంచండి, మిగతాది అమ్మమ్మ నోట అవసరమైనప్పుడు రానివ్వండి. ఒకే క్షణం రెండుసార్లు వచ్చే సీను మాత్రం ముందే పెట్టేయండి, నేనైతే దాని కోసమే చదువుతాను.

ఫిజిక్స్_బెంచీ

మూడు గడియారాలంటే గుర్తొచ్చింది. మన దేశం దారి చూపడానికి పంపిన ఐఆర్‌ఎన్‌ఎస్‌ఎస్-1ఎ ఉపగ్రహంలో మూడు రుబీడియం గడియారాలు ఉండేవి, మూడూ పాడయ్యాయి. దాంతో ఆ ఉపగ్రహం స్థానం లెక్కకట్టే పనికి రాకుండా పోయింది. తర్వాత 2023 మే 29న శ్రీహరికోట నుంచి వెళ్లిన ఎన్‌వీఎస్-01 ఉపగ్రహంలో మన దేశంలో తయారైన రుబీడియం గడియారం పెట్టారు. అక్కా, అమ్మమ్మ దగ్గరున్నది కూడా ఆగిపోతే?

అనంతగిరి_కథలు

ఆగదు, ఆవిడ నా కథలో ఓడిపోరు. కానీ వైరు తెగే సీను రాస్తున్నాను. అప్పుడు రమణి పరికరం ఏం చేయాలి?

పాత_ఎక్స్ఛేంజీ

దాన్ని హోల్డోవర్ అంటాం. చివరిసారి చేసిన సవరణను గుర్తు పెట్టుకుని, దాని మీదే నడుస్తుంది. పచ్చ దీపం పసుపు అవుతుంది. అప్పటి నుంచి ప్రతి నిమిషానికీ నమ్మకం తగ్గుతూ వస్తుంది, దీపం ఇంకా వెలుగుతోంది కదా అని రమణి దాన్నే నమ్ముకుని ఉండిపోకూడదు. వైరు మళ్ళీ అతికాక రమణి ఇంకో లెక్క కూడా చూసుకోవాలి. సంకేతం 200 మీటర్ల వైరు దాటడానికి సుమారు ఒక మైక్రోసెకను పడుతుంది, అది తీసేయకపోతే చక్రం తప్పు దిక్కుకి తిప్పేస్తుంది. అధ్యాయం పూర్తయ్యాక ఇక్కడ పెట్టండి, లెక్కలు నేను సరిచూసి ఇస్తాను.