మాక్స్ వాన్ సిడో: హాలీవుడ్ ఆయన్ని వాడుకుందా, వృథా చేసిందా?

రీలుపెట్టె:
విషయం సూటిగా చెప్తాను. మాక్స్ వాన్ సిడో (1929–2020) స్వీడన్‌లో దర్శకుడు ఇంగ్మార్ బెర్గ్‌మన్ దగ్గర 11 సినిమాలు చేసిన నటుడు. హాలీవుడ్‌లో దక్కినవేంటి? పాదిరీలు, డాక్టర్లు, కిరాయి హంతకులు, వేరే గ్రహాల చక్రవర్తులు. 'నెవర్ సే నెవర్ అగైన్' (1983)లో ఆయన వేసిన జేమ్స్ బాండ్ విలన్ బ్లోఫెల్డ్‌కి కూర్చుని పథకం వివరించడం తప్ప పనే లేదు. అదే మనిషి 'ది వర్జిన్ స్ప్రింగ్' (1960)లో కూతుర్ని చంపినవాళ్ళ మీద పగ తీర్చుకోబోయే ముందు ఒక లేత బిర్చి చెట్టుని ఒంటి బరువంతా వేసి వంచి కూలుస్తాడు. కెమెరా దూరంగా ఉంటుంది, మాట లేదు. ఆ తండ్రి దుఃఖం, కోపం అంతా ఒంటి కదలికలోనే తెలుస్తుంది. అలాంటి నటుణ్ణి అమెరికా వృథా చేసిందనే నా వాదన. కాదనేవాళ్ళు సీను చూపించి కాదనండి.

తెరవెనక:
రీలుపెట్టె గారూ, మీ లెక్క మొదట్లోనే తేడాగా ఉంది. హీరోగా ఉన్నవాణ్ణి దించేశారన్నట్టు మాట్లాడుతున్నారు. ఆయన మొదట్నుంచీ క్యారెక్టర్ ఆర్టిస్టే. 1957లో 'ది సెవెన్త్ సీల్'లో మృత్యువుతో చదరంగం ఆడిన వీరుడు, అదే ఏడాది 'వైల్డ్ స్ట్రాబెర్రీస్'లో కాసేపు కనిపించే పెట్రోలు బంకు మనిషి. స్వీడన్‌లో ఆయనా బెర్గ్‌మనూ పనిచేసిన మాల్మో సిటీ థియేటర్ బృందం పద్ధతే అది: చలికాలం నాటకాలు, వేసవిలో సినిమా షూటింగు. ఒకదాంట్లో ముఖ్య పాత్ర చేసినవాడు ఇంకోదాంట్లో రెండు నిమిషాలకి వస్తాడు, ఎవరూ చిన్నతనం అనుకోరు.

'వింటర్ లైట్' (1963) చూడండి. అణుబాంబు భయంతో బతకలేకపోతున్న జాలరి యోనాస్ పాత్ర. ధైర్యం చెప్పాల్సిన పాస్టర్ తన సందేహాలే ఏకరువు పెడతాడు. వాన్ సిడో చేసేదల్లా వినడం. చూపు కిందికి, మళ్ళీ పైకి, అంతే. వింటున్నకొద్దీ అతనిలో ఆశ చచ్చిపోవడం మనకి కనపడుతుంది. హాలీవుడ్‌కి ఆయన పట్టుకెళ్ళిన సరుకు ఈ వినడమే.

రంగుడబ్బా:
'ది ఎక్సార్సిస్ట్' (1973) సంగతి ఎవరూ ఎత్తలేదేం? అప్పటికి ఆయనకి 44 ఏళ్ళు, పాత్ర పండు ముసలి పాదిరీ. మేకప్ డిక్ స్మిత్. పద్ధతి ఇదీ: నుదురు, కళ్ళ చుట్టూ, మెడ దగ్గర చర్మాన్ని వేళ్ళతో బిగలాగి పట్టుకుని ద్రవ లాటెక్స్ (రబ్బరు పాలు) అద్దుతారు. ఆరాక చర్మాన్ని వదిలేస్తే లాటెక్స్ ముడుచుకుని ముడతలు పడతాయి. లాగడం చాలకపోతే ముడత పడదు. వదిలేముందు పౌడరు కొట్టకపోతే లాటెక్స్ దానికదే అంటుకుపోతుంది. షూటింగు ఉన్న ప్రతిరోజూ మళ్ళీ మొదట్నుంచీ వేయాల్సిందే.

ఇంత చేసినా అది చర్మం వయసు మాత్రమే. ఇరాక్ సీన్లలో మాత్ర వేసుకునేటప్పుడు వణికే చెయ్యి, బరువైన అడుగు లాటెక్స్ ఇవ్వలేదు. నడక ఒక్కచోట కుర్రదై ఉంటే మేకప్ మొత్తం బయటపడిపోయేది.

రీలుపెట్టె:
ఒళ్ళు స్వాధీనంలో ఉందా లేదా అన్నది కాదండీ నా గొడవ. ఆ ఒంటికి తగ్గ పాత్ర రాశారా అన్నది. 'పెల్లె ద కాంకరర్' (1987) తీసుకోండి. కొడుకుని అవమానించినవాణ్ణి చితకబాదుతానని తండ్రి లాస్సె (వాన్ సిడో) బీరాలు పలుకుతాడు. తీరా ఎదురుపడ్డాక చేతులు రావు. ఆ మనిషి కుంగిపోవడాన్ని పక్కనున్న పిల్లాడి కళ్ళతో చూస్తాం. ఉత్తమ నటుడిగా ఆస్కార్ నామినేషన్ దీనికే వచ్చింది, అమెరికా సినిమాకి కాదు. అంతకుముందు 'ది ఎమిగ్రెంట్స్' (1971) స్వీడన్‌లో యాన్ త్రోయెల్ తీసింది. మంచి పాత్ర కావాలంటే ఇంటివైపు రావాల్సివచ్చింది.

తెరవెనక:
అమెరికా సీన్లే చెప్తాను. 'త్రీ డేస్ ఆఫ్ ద కాండర్' (1975)లో కిరాయి హంతకుడు జూబేర్. చివర్లో హీరోకి చావు ఎలా వస్తుందో వివరిస్తాడు: కారు పక్కకొచ్చి నెమ్మదిస్తుంది, తెలిసినవాడే నవ్వుతూ దిగుతాడు. గొంతు పెంచడు, బెదిరించడు. పెద్దమనిషి హితవు చెప్పినట్టే ఉంటుంది, అందుకే వెన్నులో చలి పుడుతుంది. ఇదే డైలాగ్ విలన్ ధోరణిలో పలికి ఉంటే సీను అక్కడే పోయేది.

'హన్నా అండ్ హర్ సిస్టర్స్' (1986)లో చిత్రకారుడు ఫ్రెడరిక్. టీవీ మీద, జనం మీద ఉపన్యాసం దంచుతున్నవాడు తనతో ఉంటున్న లీ ఇంకొకరితో ఉందని తెలియగానే బతిమాలే స్థితికి దిగుతాడు. పాఠం చెప్పే గొంతు, అడుక్కునే గొంతు ఒకే సీనులో.

ఇక 2011లో 'ఎక్స్‌ట్రీమ్లీ లౌడ్ అండ్ ఇంక్రెడిబ్లీ క్లోజ్'. ఒక్క మాటా లేని పాత్ర: రెండు అరచేతుల మీద అవును, కాదు అని రాసి ఉంటుంది, మిగతాది కాగితం మీద రాసి చూపిస్తాడు. 82 ఏళ్ళకి సహాయ నటుడిగా ఆస్కార్ నామినేషన్.

రీలుపెట్టె:
ఫ్రెడరిక్ సీను గొప్పదే, నేనెప్పుడూ కాదనలేదు. కానీ దాని నిడివి చూడండి. ఆ తర్వాత యాన్ త్రోయెల్ 'హామ్సున్' (1996) చూడండి. నార్వే రచయిత క్నూట్ హామ్సున్‌గా ఆయన స్వీడిష్‌లోనే మాట్లాడతాడు, భార్యగా గీతా నోర్బీ డేనిష్‌లో, చాలామంది మిగతావాళ్ళు నార్వేజియన్‌లో. 1943లో హిట్లర్‌ని కలిసే సీనులో చెవిటి ముసలాయన ఎదుటివాడి మాట వినపడక, దుబాసీ చెప్పేదాకా ఆగక, తన గోడు తాను చెప్పుకుంటూ పోతాడు. అంత జాగా ఇచ్చిన ఒక్క హాలీవుడ్ సినిమా పేరు చెప్పండి.